కుర్రాడి డైలాగు

“ఈ కుర్రాడు అమ్మాయిని ప్రేమిస్తున్నాడా, ఓటు అడుగుతున్నాడా?” అన్నాడు ఫోన్లో నిర్మాత.

రచయిత తను పంపిన సీను మళ్లీ తిరగేశాడు. సినిమా సైకలాజికల్ థ్రిల్లర్. ఇంటర్ చదివే కుర్రాడు, ప్రేమ ముదిరి తోటి అమ్మాయికి ఊపిరి సలపనివ్వడు. చూసేవాళ్లకు వెన్నులో చలి పుట్టాలి. సాయంత్రంలోగా కుర్రాడి ప్రేమ సీను తిరగరాసి పంపకపోతే ఇంకో రచయితతో రాయించుకుంటానని నిర్మాత తెగేసి చెప్పాడు. ఇది కూడా చేజారితే తన గడప తొక్కేవాడుండడని రచయితకు తెలుసు.

చిక్కల్లా అతని మెతకతనమే. పెళ్లికి ముందు ఏ అమ్మాయినీ కన్నెత్తి చూసిన పాపాన పోలేదు. పెళ్లయ్యాక ఆ తీరికే లేదు. అతను స్టూడియో మెట్లు దిగేసరికి భార్య ఫోన్ చేస్తుంది. ఎవరితో టీ తాగాడో అతను చెప్పకముందే చెప్పేస్తుంది. ఇంత ప్రేమగా చూసుకునే భార్య ఎంతమందికి దొరుకుతుందని అతని మురిపెం.

రాసింది ఆమెకే చదివి వినిపించాడు. “నువ్వు లేకపోతే చచ్చిపోతా!”

బట్టలు మడతపెడుతున్న భార్య పెదవి విరిచింది. “అలా అరవరండీ. మామూలుగా చెప్పాలి. ‘నిన్న నీలం చొక్కా వేసుకున్నావు. నాకు నచ్చలేదు. ఇంకెప్పుడూ వేసుకోకు.’ అంతే.”

రచయిత పెన్ను అందుకున్నాడు. చొక్కాను చున్నీ చేసి రాసుకున్నాడు.

ఆమె చెప్పుకుంటూ పోయింది. ట్యూషన్‌కి వెళ్లకుండా సైకిల్లో గాలి తీసెయ్యడం, స్నేహితుల మీద చాడీలు చెప్పి ఒక్కొక్కరినీ దూరం చెయ్యడం, ఇంటికి ఫోన్ చేసి పలక్కుండా ఊరుకోవడం. ఎక్కడా తడుముకోలేదు. వింటున్నకొద్దీ రచయితకు విషయం అర్థమైంది. చదువుకునే రోజుల్లో ఎవడో దుర్మార్గుడు ఈ పిచ్చితల్లిని ఇంత క్షోభ పెట్టాడు. ఇన్నేళ్లలో ఒక్కసారైనా నోరు విప్పి చెప్పుకోలేదు.

సీను పంపిన కాసేపటికే నిర్మాత ఫోన్ చేశాడు. చదువుతుంటే తనకే చెమటలు పట్టాయన్నాడు. తర్వాతి సినిమా కూడా నీదేనన్నాడు.

ఎగిరి గంతెయ్యాల్సిన రచయిత వచ్చి భార్య పక్కన కూలబడ్డాడు. ఇదంతా నిజంగా జరిగిందేనా అని మెల్లగా అడిగాడు. దిండు గలీబు దులుపుతూ, జరిగిందేనంది.

“చివరికేమైంది?”

“ఏముంది? వాళ్ల నాన్న బదిలీ చేయించుకున్నాడు. ఇల్లు ఖాళీ చేసి ఊరే మారిపోయారు.” ఆమె దిండును గుండెలకు హత్తుకుంది.

రచయిత ఆమె చెయ్యి పట్టుకున్నాడు. “పోనీలే, పీడ విరగడైంది. నిన్నంతలా వేధించినవాణ్ణి తలుచుకుంటేనే నా రక్తం ఉడికిపోతోంది.”

ఆమె అతన్ని వింతగా చూసింది.

“వెంటపడింది నేనండీ.”