బూర్గంపహాడ్‌లో ఒక్క ఓటు

ఒక్కరే ఓటేసిన బూత్‌లో ఆ ఓటు రహస్యమెలా అవుతుంది?

2004లో బూర్గంపహాడ్ నియోజకవర్గంలోని ఓ కోయగూడెంలో నేను ప్రిసైడింగ్ ఆఫీసర్‌ని. ఎన్నికలు వద్దని అడవిలోని అన్నలు హెచ్చరించడంతో ఊరంతా ఇళ్లలోనే ఉండిపోయింది. చివరికి భీమక్క ఒక్కతే వచ్చింది. ఆమె భర్త జంపయ్య స్వతంత్ర అభ్యర్థి. ఇతర బూత్‌లు తిరుగుతూ ఇంకా ఊరు చేరలేదు.

"వేలికి సిరా చూస్తే అన్నలు ఊరుకుంటారా?" అన్నాను.

"పెట్టు మేడం. ఇంటి ఓటన్న పడాలె, పోయి ఏసి రమ్మన్నడు ఆయన."

లెక్కింపులో మా బూత్‌కు ఒక్క ఓటు. అది జంపయ్యకు పడలేదు.

"పెండ్లామే ఎయ్యలే, ఊరేం ఏస్తదే జంపన్నా!" అని ఎవరో అంటే హాలంతా నవ్విందట. అతనూ నవ్వాడట. ఆ రోజు నుంచి భార్యతో మాటల్లేవు.

పునర్విభజనతో 2009 ఎన్నికలకు ఆ నియోజకవర్గమే లేదు. ఆ ఏడే సారపాక బస్టాండులో జంపయ్య నన్ను గుర్తుపట్టాడు.

"ఆ దినం మీరే ఉన్నరు గద మేడం. మా ఆమె ఏమన్న అన్నదా?"

"ఏమీ అనలేదు," అన్నాను.

నిజానికి ఆ రోజు ఓటేసి వెళ్తూ భీమక్క నా బల్ల దగ్గర ఆగింది.

"గెలిస్తె ఆయన్ని అన్నలు బతకనియ్యరు మేడం. ఓడితె ఇంటికొస్తడు. ఆయనకు చెప్పకుండ్రి."

చెప్పాలో వద్దో ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.