రాజును పడుకోబెట్టడం

మా అమ్మాయి కాత్యాయని చనిపోయి పద్నాలుగు నెలలైంది. అయినా టోర్నమెంట్లలో చదరంగం ఆడుతూనే ఉంది. ఇప్పుడు ఏ గ్రాండ్‌మాస్టరుకైనా అంతే. వాళ్ల ఆటలన్నీ నేర్చుకున్న యంత్రం వాళ్ల పేరుతో, వాళ్ల గొంతుతో ఆడుతుంది. ఏటా ఇంట్లోవాళ్లు ఒక సంతకం పెడితే చాలు.

ఈ ఏటి సంతకం కోసం నిర్వాహకుల తరఫున ప్రభాకర్ వచ్చాడు. నేను చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తున్నాను.

"నిన్న మేడమ్ గారు చివరిదాకా పోరాడారు మాస్టారూ! జనం ఊగిపోయారనుకోండి."

"చూశాను. ఓటమి ఖాయమయ్యాక కూడా నలభై ఎత్తులు సాగదీసింది. మా అమ్మాయి అలా ఆడదు బాబూ. ఓడిపోయానని తెలిస్తే రాజును పడుకోబెట్టి చెయ్యి కలిపేది. ఆరేళ్లప్పుడు నేనే నేర్పాను."

"అదా! మధ్యలో ఆపేస్తే చూసేవాళ్లు వెళ్లిపోతున్నారండీ. అందుకే ఆ అలవాటు తీసేశాం."

చొక్కా గుండీ తీసేసినంత తేలిగ్గా చెప్పాడు.

నేను చేతులు కడుక్కుని వచ్చాను. అమ్మాయి చదరంగం పెట్టెలోంచి తెల్ల రాజును తీసి, అతని కాగితం మీద, సంతకం పెట్టాల్సిన చోట పడుకోబెట్టాను. తర్వాత చెయ్యి చాచాను.

"మా అమ్మాయి ఆట అయిపోయింది. చెయ్యి కలపండి."