తినేటప్పుడు

"గీ కుక్కను పొద్దుగాల అత్వెల్లి ఊర్ల ఇడిసిపెట్టి రా!" అని ఇస్తారి తన కొడుకు పరమేష్ మీద అరిచాడు.

దారికి అడ్డమని తింటున్న కుక్క ముందు నుంచి గిన్నెను కాలితో జరపబోతే, అది మీదికి ఎగబడి ఆయన లుంగీ చింపింది.

పరమేష్ భార్య సుస్మిత గిన్నె తీసుకెళ్లి మెట్ల కింద మూలకు పెట్టింది. జారకుండా అడుగున గోనెసంచి పరిచి, పక్కన నీళ్లు పోసిపెట్టింది.

"ఇగ గిదే దీని జాగ, మామా. తినేటప్పుడు దీన్ని ఎవ్వలు కదిలియ్యొద్దు. కడుపునిండ తిననిస్తే గదెందుకు కరుస్తది?"

"కుక్కకు గింత మర్యాదనా!" అంటూ ఇస్తారి లోపలికి వచ్చి మంచం మీద కూర్చున్నాడు.

అందరూ తిన్నాక వంటింట్లో అప్పుడే కంచం ముందు కూర్చున్న ఆయన భార్య దుర్గాబాయి ఆ మాటలన్నీ విన్నది.

"ఏమే, మంచినీళ్లు తే!"

ఆమె లేచి ఇచ్చి వచ్చింది.

"ఇంకో లుంగీ ఇయ్యి."

మళ్లీ లేచింది. తిరిగి వచ్చేసరికి అన్నం చల్లారిపోయింది.

"జల్దీ చాయ్ పెట్టు. తలకాయ నొస్తాంది."

లేవడానికి దుర్గాబాయి నేలకు చెయ్యి ఆనించింది. తలుపులోంచి బయట మెట్ల మీద సుస్మిత కనిపించింది. కుక్క తినడం అయ్యేదాకా ఎవరూ అటు రాకుండా కాపలా కూర్చుంది.

దుర్గాబాయి ఆ చెయ్యి తీసేసుకుంది.

"నేను తింటున్న," అంది.

అవతల మంచం కిర్రుమంది. అడుగుల చప్పుడు వంటింటి వైపు వచ్చింది. ఆమె కంచాన్ని దగ్గరికి జరుపుకుని ఇంకో ముద్ద కలిపింది. లేవలేదు.