ఇంటికో భుజం

"దించకు బావా, దించితే మళ్లీ ఎత్తలేను," వెనక నుంచి రొప్పుతూ అన్నాడు ఉదయ్.

"దించుతానని ఎవడన్నాడు? నడు," అన్నాడు మంగ్లు. వాడికీ కర్ర మెడలోకి దిగిపోతోంది.

డోలీలో భీముడు తాత మూలుగుతున్నాడు. నాలుగు రోజులుగా ఒళ్లు కాలిపోతోంది. ఎడమ భుజం మీద పుండు. చీము పట్టింది, చెయ్యి లేవడం లేదు. ఉదయం నుంచి మాట కూడా లేదు.

పైగూడలో ఉన్నవి ఐదిళ్లు. మగవాళ్లు రొయ్యల చెరువుల పనికి పోయారు. మిగిలింది వీళ్లిద్దరే. ఆ ఊరికో కట్టుబాటుంది. ఎవరు పడిపోయినా వాళ్ల మోత ఆగకూడదు. వంతు వచ్చిన ఇల్లు భుజం ఇవ్వాలి. ఈసారి వంతు మంగ్లు ఇంటిది. వాడు డోలీ పట్టాడు కాబట్టి తాత మోత వాళ్లమ్మ యర్రమ్మ ఎత్తుకుంది. అరవై ఐదేళ్ల మనిషి.

"సందేళ పొద్దోలే దాకా ఓపుతాను. ఆపైన నా వల్ల కాదురా. బేగి తెచ్చీయండి ఆయన్ని," అంది.

బేగి ఎక్కడ? తారురోడ్డుకు తొమ్మిది కిలోమీటర్లు. పైగూడ రోడ్డుకు మూడుసార్లు శంకుస్థాపన చేశారు. మూడు శిలాఫలకాలూ ఉన్నాయి. రోడ్డు లేదు. మలుపు దగ్గర సిగ్నల్ దొరికితే మంగ్లు 108కి కొట్టాడు.

"రోడ్డు మీదకి తీసుకురండి," అంది ఫోనులో అమ్మాయి.

తీసుకొచ్చారు. అంబులెన్సు వేరే కేసుకు పోయిందట. ఆ రోజు గుమ్మలక్ష్మీపురం సంత. జీపులన్నీ కిక్కిరిసి పోతున్నాయి. ఒకడు ఆపాడు, పుండు వాసన తగిలి గేరు వేసుకుని పోయాడు. ఆఖరికి పసుపు బస్తాల ఆటో ఎక్కించుకుంది.

ఆసుపత్రిలో డాక్టరు లేడు, మీటింగట. నర్సు సుజానా కంప్యూటరు ముందు కూర్చుంది.

"ఆధార్?"

"నేదు," అన్నాడు మంగ్లు.

"వయసు?"

"తెల్దు."

"పోనీ, ఏం పని చేస్తాడు?"

"మోత."

కంప్యూటరులో మోత అనే పని లేదు. కూలీ అని కొట్టింది. కట్టు విప్పి భుజం చూసి ముక్కు మూసుకుంది.

"ఇదేం కాయయ్యా బాబూ! ఎముక దాకా అరిగిపోయింది. ఎన్నాళ్ల నుంచి మోస్తున్నాడు?"

"నాను పుట్టినకాడ నుంచీ ఇలాగే సూత్తన్నాను."

ఆమె ఇంజెక్షను చేసింది, సెలైను పెట్టింది. మంచి మనిషే. నోరే ఊరుకోదు.

"అవునయ్యా, మీ కొండ మీద ఎవరో దొరున్నాడంటారు కదా? ఏడు లోకాల్నీ కావడి కట్టి మోస్తాడట. భూమి అదిరితే దొర భుజం మార్చాడంటారట. ఈ వారం మూడుసార్లు అదిరిందిలే. అంతటి దొరుండగా ఈ ముసలాయన్ని మోసుకు రావడానికి మీరిద్దరా?"

ఉదయ్ తల దించుకున్నాడు. మంగ్లుకి మండింది.

"ఎగతాళి తరవాత సేద్దురు గాని సిస్టరమ్మా. ఈయన లేచి నిలబడతాడా, నేదా? అది సెప్పండి."

"నిలబడ్డమా? చీము తీయాలి. పార్వతీపురం రాసేస్తున్నా. మూడు రోజులు పడుకోబెట్టాలి."

"మూడ్రోజులా! పొద్దోలేసరికి ఈయన పైగూడలో ఉండాల!"

"అంత కొంప మునిగే పనేంటి? ఆయన బదులు ఇంకెవరూ లేరా?"

"ఉన్నాది. మా అమ్మ. పొద్దున్నుంచీ మోత్తన్నాది. తిండి నేదు, నీళ్లు నేవు."

"అయితే ఫోన్ చేసి, కింద పెట్టి కాసేపు పడుకోమని చెప్పు. ఒక్క పూట దించితే లోకం తలకిందులవుతుందా?"

ఏమన్నా ఈమె నమ్మదు. ఎండ గోడ మీద సగానికి దిగింది. మంగ్లు బల్లను కాలితో తన్నాడు. కాలే నొప్పెట్టింది.

"జీపైనా మాట్లాడు బావా," అన్నాడు ఉదయ్.

"ఆగినప్పుడు కదరా మాటాడేది!"

అప్పుడు కిటికీ అద్దాలు గిలగిలలాడాయి. సెలైను స్టాండు ఊగింది. ట్రేలో కత్తెరలు కిందపడ్డాయి. వరండాలో జనం కేకలు పెడుతూ బయటికి పరుగెత్తారు. సుజానా మంచం కోడు పట్టుకుని "ప్రభువా, ప్రభువా" అంటోంది.

అదురు ఆగింది.

భీముడు కళ్లు తెరిచాడు. చేతికున్న సూది పీకి అవతల పారేశాడు.

"లేపండర్రా నన్ను, యర్రమ్మ ఏడు లోకాల్నీ రెండో భుజానికి మార్సుకున్నాది, ఆ పిల్లకి మూడో భుజం నేదు!"