గట్టు మీద సంకల్పం

“అంకుల్, కాస్త ఆపుతారా?”

పెద్దాయన కళ్ళు తెరిచాడు.

ఏప్రిల్ నెల. కెనడాలోని ఎడ్మంటన్‌లో ఇళ్ళ వరస వెనక ఉన్న ఆ కుంట గట్టు మీద మంచు ఇంకా పూర్తిగా కరగలేదు. అప్పుడే తెల్లవారుతోంది. చెట్టుకు కట్టిన రికార్డర్ ముందు నిలబడి ఆయన గట్టిగా చదువుతున్నాడు.

“...ఎడ్మంటన్ నగరే, సస్కాచెవాన్ నదీ సమీపే, విశ్వావసు నామ సంవత్సరే, వసంత ఋతౌ, చైత్ర మాసే, కృష్ణ పక్షే...”

“అంకుల్!”

“తెలుగమ్మాయివా?” ఆయన ముఖం విప్పారింది.

“అవునండీ. ఇది యూనివర్సిటీ రికార్డర్. ఇక్కడ పూజలు చేయకండి, ప్లీజ్.”

“పూజ కాదమ్మా. సంకల్పం వరకే.”

“ఏదైనా సరే. నాకు కావాల్సింది కప్పల వాయిస్, మీది కాదు.”

“నిజమేలే. వాటంత బాగా నేను పాడలేను.”

స్పందన నవ్వలేదు.

ఆమె చదువంతా ఆ కప్పల మీదే ఉంది. చలి తగ్గగానే ఒక్కో కుంటలో ఒక్కో రోజు కూత మొదలవుతుంది. ఊరి మధ్య ముందు, ఊరి బయట తర్వాత. ఆ తేడా చోటును బట్టి ఎలా ఉంది, ఏటేటా ఎటు జరుగుతోంది అన్నది ఆమె తేల్చాలి. ఊరి మధ్యలో ల్యాబ్‌కు ఉన్న కుంట ఇదొక్కటే.

“నా డేటా పాడైపోతుంది అంకుల్. రేపట్నించి రాకండి.”

పెద్దాయన రికార్డర్ దగ్గర్నుంచి ఒక అడుగు వెనక్కి వేశాడు.

“గొంతు తగ్గిస్తానమ్మా. మానడం మాత్రం కుదరదు.”

టోపీ చెవుల మీదికి లాక్కుని, కుంట వెనకనున్న ఆకుపచ్చ తలుపు ఇంట్లోకి వెళ్ళిపోయాడు.

‘ఎంత మొండి మనిషి!’ అనుకుంది స్పందన.

జూన్‌లో రికార్డర్ విప్పి తెచ్చుకుంది. విన్నకొద్దీ ఒళ్ళు మండింది. ప్రతి ఉదయపు ఫైలు మొదట్లోనూ ఆ గొంతే. తగ్గించిన మాట నిజమే కానీ, ఒక్క రోజూ మానలేదు.

మనుషుల మాటలు పడితే తీసేయాలన్నది ల్యాబ్‌లో నియమం. స్పందన ఆ గొంతును వెతికి వెతికి కత్తిరించింది. మెమరీ కార్డును తుడిచేసి ఇంకొకరికి ఇచ్చింది. పీడ వదిలిందనుకుంది.

నవంబర్‌లో, పక్క సీటు శ్రీరామ్ ఆమె స్క్రీన్ చూసి పకపకా నవ్వాడు.

“ఏంటే ఇది? నీ కప్పలు జనవరిలో కూస్తున్నాయా? మైనస్ ముప్పైలో?”

“ఏదీ?”

“తేదీ చూడు. జనవరి ఒకటి. మళ్ళీ ఇక్కడా జనవరి ఒకటే.”

చలికి బ్యాటరీ ఆగినప్పుడల్లా రికార్డర్ గడియారం మొదటికి వచ్చేసింది. ఎప్పుడు ఆగిందో, ఎన్నాళ్ళకు మళ్ళీ మొదలైందో తెలిసే దారి లేదు. కూతలున్నాయి. అవి ఏ రోజువో లేదు.

“ఈ కుంటను వదిలేయమంటారేమో,” అన్నాడు శ్రీరామ్, నవ్వు మాని.

“వదిలేస్తే పోల్చడానికేం మిగిలింది? ఇంకో సమ్మర్ దాకా ఆగాలి. నా స్టడీ పర్మిట్ అంతవరకూ లేదు.”

“అందుకే పాతవాళ్ళు రికార్డ్ చేసే ముందు ప్లేసు, డేటు నోటితో చెప్పేవాళ్ళట. గడియారం పోయినా గొంతు ఉంటుందని. నీ దాంట్లో అలాంటిదేం లేదా?”

స్పందనకు పెద్దాయన గొంతు గుర్తొచ్చింది.

ఎడ్మంటన్ నగరే. చైత్ర మాసే. ఆ తర్వాత తిథి. ఆ తర్వాత వారం. ప్రతి ఫైలు మొదట్లో.

అన్నీ తన చేత్తోనే కత్తిరించింది.

మర్నాడు ఆకుపచ్చ తలుపు తట్టింది. కూత ఎప్పుడు మొదలైందో ఆయనకు గుర్తుండవచ్చు. ముందు క్షమించమని అడగాలి.

ఒక పెద్దావిడ తలుపు తీసింది.

“ఆంటీ, అంకుల్ ఉన్నారా? కుంట దగ్గరికి వచ్చేవారు... నేను రికార్డర్ అమ్మాయిని.”

“నువ్వేనా? లోపలికి రా తల్లీ, చలిగా ఉంది.” ఆవిడ కుర్చీ చూపించింది. “ఆయన వెళ్ళిపోయి నెల దాటిందమ్మా. నిద్రలోనే.”

స్పందన కూర్చోలేకపోయింది.

“నీ గురించి చెప్పారు. కుంట దగ్గర మళ్ళీ ఒక తెలుగు పిల్ల పనిచేస్తోందని ఎంత సంబరపడ్డారో!”

“నేను ఆయన్ని కసురుకున్నాను ఆంటీ. పూజ చేసుకుంటున్నారనుకున్నాను.”

“పూజా?” ఆవిడ పెదవుల మీదికి చిన్న నవ్వు వచ్చి ఆగిపోయింది. “వాళ్ళ నాన్న పురోహితుడే కానీ, ఈయన జన్మలో దేవుడికి దీపం పెట్టలేదు.”

“మరి రోజూ ఆ సంకల్పం...”

“చోటు, రోజు కలిపి చెప్పమంటే ఆయన నోటికి వచ్చేది అదొక్కటే.”

“చెప్పమని ఎవరడిగారు ఆంటీ?”

పెద్దావిడ కిటికీలోంచి గడ్డకట్టిన కుంటవైపు చూసింది.

“ఆ చెట్టుకు మొదట రికార్డర్ కట్టింది మా అమ్మాయి ఇషిత, ‘చలికి దీని గడియారం తప్పుతుంది నాన్నా, నేను రాలేని రోజున ఎక్కడో, ఎప్పుడో నువ్వే కాస్త గట్టిగా చెప్పు’ అంది, అది పోయాక ఆయన ఒక్క రోజూ మానలేదు.”