ఇంట్లోనే ఉన్నాడు

సమన్లు అందుకున్న రోజు నుంచి ఢిల్లేశ్వరరావుకు అన్నం సయించడం లేదు.

బర్మాలో, పజుండౌంగ్ చేపల బజారులో ఒక ఉదయం ఎవరో ఒక వ్యాపారిని చితకబాది దవడ విరగ్గొట్టారు. పాత తగాదా మనసులో పెట్టుకుని ఆ వ్యాపారి ఢిల్లేశ్వరరావు పేరు చెప్పాడు. నిజానికి ఆ ఉదయం తొమ్మిదింటికి ఢిల్లేశ్వరరావు వాగు అవతల తాకేటాలో తన ఇంట్లోనే ఉన్నాడు. అది తెలిసిన మనిషి ఒక్కతే, భార్య సుధామణి.

"ఆవిడ వచ్చి ఆ ముక్క చెబితే కేసు నుంచి డిశ్చార్జ్ అడుగుతాను," అన్నాడు లాయరు ఊ సోయ్ విన్. "రాకపోతే జైలు తప్పదు. ఉద్యోగమూ పోతుంది."

అంతే, సుధామణి ఆ ఇంటికి మహారాణి అయిపోయింది. పెళ్లయిన పదకొండేళ్లకు మొగుడు మొదటిసారి టీ కాచి ఇచ్చాడు. మల్లెపూలు తెచ్చాడు. ఇన్నేళ్లలో ఆమె ఎన్నిసార్లు కబురు పెట్టినా ఆ గుమ్మం తొక్కని గుడి కమిటీ పెద్ద అప్పయ్య కూడా ఆయాసపడుతూ మూడంతస్తులు ఎక్కి వచ్చాడు.

"అమ్మీ, మన తెలుగోళ్ల పరువు నీ సేతిలో ఉంది," అన్నాడు.

పరువట. అనుకుంది సుధామణి.

వాయిదా రోజు కోర్టు మెట్ల మీద ఎటు చూసినా కిళ్లీ ఉమ్ములే. కొన్ని ఎండిపోయాయి, కొన్ని ఇంకా తడిగానే ఉన్నాయి. వరండా చివర మరుగుదొడ్డి కంపు. ఢిల్లేశ్వరరావు తన రుమాలుతో బెంచీ తుడిచి మరీ భార్యను కూర్చోబెట్టాడు. పక్కన కూర్చుని ఆమె చెవిలో గుసగుసలాడాడు.

"ఏటడిగినా ఇంట్లోనే ఉన్నాడను. ఇంకేటీ సెప్పకు. నేనేటి, అబద్దం సెప్పమంటన్నానా?"

ఆమె కొంచెం పక్కకు జరిగింది.

లోపల లాయరు అర్జీ చదివాడు. తన కక్షిదారు శాంతమూర్తి అట. చీమకైనా హాని తలపెట్టడట. ఎవరి మీదా చెయ్యెత్తి ఎరుగడట. ఢిల్లేశ్వరరావు చేతులు కట్టుకుని, తల దించుకుని నిలబడ్డాడు. వెనక బెంచీలో అప్పయ్య కళ్లు ఒత్తుకున్నాడు. అది చూసి సుధామణి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"ఈ వాసన పడనట్టుంది," అని లాయరు నీళ్ల సీసా అందించాడు.

నీళ్లు తాగి ఆమె బోనెక్కింది. జడ్జి నడివయసు బర్మా మహిళ. కాగితాల మీంచి తలెత్తి అడిగింది.

"ఆ ఉదయం నీ భర్త ఎక్కడున్నాడు?"

"ఇంట్లోనే ఉన్నాడండి."

"ఎప్పటి నుంచి ఎప్పటి దాకా?"

"తొమ్మిదింటి నుంచి తొమ్మిది నలభై దాకా నా కళ్లముందే ఉన్నాడు. తర్వాత పడుకున్నాడు."

లాయరు ముఖం వెలిగింది. ఢిల్లేశ్వరరావు గట్టిగా ఊపిరి వదిలాడు. ఇక బయటపడ్డట్టే.

జడ్జి మాత్రం కలం కింద పెట్టింది. "నెలలు గడిచాయి కదా. నిమిషాలతో సహా ఎలా గుర్తుంది?"

ఢిల్లేశ్వరరావు దగ్గాడు. సుధామణి అటు చూడలేదు. అక్కడున్న అందరికీ తెలిసేలా, బర్మా భాషలోనే, తొణక్కుండా చెప్పింది.

"అంతసేపూ గోడ గడియారం వైపే చూస్తూ ఉన్నానండి, ఈయన నన్ను కొట్టడం ఎప్పుడు ఆపుతాడా అని."