తుపాకీ సంచి

“సంచి కింద పెట్టు, హైమ నాయినా.”

అప్పలనర్సమ్మ గుమ్మానికి అడ్డంగా నిలబడింది. ఆమె భర్త నూకయ్య భుజాన పొడవాటి కాన్వాసు సంచి, చేతిలో జిల్లా కచేరీ కాగితం. తుపాకీ లైసెన్సు ఈ ఏడాది పొడిగించరట. పద్నాలుగు రోజుల్లో తుపాకీని ఠాణాలో అప్పగించాలట. పదకొండు రోజులు అప్పుడే గడిచిపోయాయి.

“ఏటే నీ గోల? రైల్వే దొరగోరు మా అయ్యకిచ్చినాడు, అయ్య నాకిచ్చినాడు. ఇప్పుడు గవర్మెంటోడు అడుగుతున్నాడు. ఇచ్చీసొత్తాను.”

“మావగోరి గురుతు ఠాణాలో తుప్పట్టాలా? పై ఆఫీసరుకి అప్పీలు పెట్టు.”

“రెండేళ్ల కిందట దీన్ని పీడ అన్నది నువ్వే కదే!”

కూతురు హైమవతి పుస్తకంలో తల దాచుకుంది. ఆ రోజు ఆమెకు గుర్తుంది. రైల్వే వర్క్‌షాపులో సమ్మె సమయంలో ఫోర్‌మన్ మీద కోపంతో తండ్రి తుపాకీ పట్టుకుని వీధిలోకి దూకాడు. వాళ్లుండే ట్రాఫిక్ కాలనీలో పదిమంది పట్టుకుంటే గాని ఆగలేదు. మర్నాడు తల్లి పొడవాటి, బరువైన బొంతల మూట నెత్తిన పెట్టుకుని కంసాయి నదికి వెళ్లి, ఉతుక్కుని, తలస్నానం చేసి వచ్చింది. సంచి మూతిని దబ్బనంతో కుట్టేసింది. “ఇది ఇప్పితే నా సవాన్ని సూస్తావు” అని భర్త చేత ఒట్టు వేయించుకుంది. అప్పటినుంచి పనిముట్లను కొలిచే విశ్వకర్మ పూజనాడు సంచికే బొట్టు, సంచికే దండ.

నూకయ్య ఓడిపోయాడు. హైమవతి తెలుగులో రాసిచ్చిన అర్జీని కచేరీ ముందు గుమాస్తా ఇంగ్లీషులో టైపు కొట్టాడు. అది తేలేదాకా తుపాకీ ఇంట్లోనే ఉండొచ్చన్నాడు.

ఆ నెల్లాళ్లూ అప్పలనర్సమ్మ కుదురుగా కూర్చోలేదు. సైకిలు గంట వినిపిస్తే పోస్టుమానేమోనని వీధిలోకి పరిగెత్తేది. కంచం ముందు కూర్చుని అన్నం కెలికి లేచిపోయేది.

“వదినా, నా రోకలి ఇచ్చీ. కారం దంచుకోవాల” అంటూ పక్కింటి కృపమ్మ వచ్చింది. “మీ రోకలి ఎవుడితో లేచిపోనాదో గాని, నాదే మీ ఇంట కాపరం సేస్తోంది!”

“సెదలు పట్టినాది, పొయ్యిలో ఎట్టీసినాను. తీసుకుపో వదినా. నా గొడవ నాది.”

“ఓలమ్మా, తుపాకీ కోసం ఇంత బెంగేటి? మొగుడి కోసమైనా పెట్టుకున్నావా?”

అప్పలనర్సమ్మ వీధి వైపే చూస్తూ రోకలి తెచ్చి ఇచ్చింది.

విచారణకు ముగ్గురూ వెళ్లారు. బెంగాలీ అధికారి కళ్లజోడు పైకి తోసుకుని తన భాషలో అడిగాడు.

“రోజులు బాగాలేవు. వర్క్‌షాపు పనివాడికి తుపాకీ ఎందుకు?”

నూకయ్య నోరు తెరిచేలోపే అప్పలనర్సమ్మ అందుకుంది. వచ్చిన బెంగాలీకి రాని చోట తెలుగు అతికింది. “పూజకి బాబూ. మా మావగోరి సొత్తు. గోడ మేకు నుంచి దించితే పూజకే దించుతాం.”

“తెచ్చారా?”

“రైల్లో తుపాకీ తెస్తే పోలీసులు పట్టుకోరా బాబూ?”

అధికారి నవ్వాడు. “కాల్చరని ఏమిటి నమ్మకం?”

“సంచి మూతి కుట్టీసినాను. రెండేళ్లలో ఒక్క గుండు పేలినా నన్ను జైల్లో ఎయ్యండి!”

“ఒట్టేసినాను బాబూ” అన్నాడు నూకయ్య, తల వంచుకుని.

అధికారి హైమవతి వైపు తిరిగాడు. “నిజమేనా?”

ఆమె తల ఊపింది. “నిజమే” అంది.

ఆయన కాసేపు కాగితాలు తిరగేశాడు. తర్వాత లైసెన్సు పుస్తకం దగ్గరికి లాక్కుని ముద్ర వేశాడు.

ఇంటికొచ్చాక నూకయ్య సంచిని మళ్లీ మేకుకి తగిలించాడు. “దీని బరువేటి తగ్గలేదే” అని నవ్వి డ్యూటీకి వెళ్లాడు. అప్పలనర్సమ్మ ఆ పూట రెండుసార్లు అన్నం పెట్టుకుంది.

హైమవతి సంచికి బొట్టు పెడదామని వెళ్లింది. అడుగున ఎలుక కొరికిన కన్నం కనిపించింది. చల్లని ఇనుము తగులుతుందనుకుంటూ వేలు పెట్టింది. వేలికి ఎండుమిరప ఘాటు అంటింది. ఆమె వంగి, కన్నానికి కన్ను ఆనించింది.

వెనక్కి తిరిగితే, తల్లి దబ్బనం పట్టుకుని నిలబడి ఉంది.

సంచిలో ఉన్నది వాళ్ల ఇంటి రోకలి.